కళాయి లేని చెంబు

"మట్టి ఆరకముందే అనుమానాలు మొదలువెట్టినవా, ఖుఫియా సాబ్?"

ఇంటి తాళం తీస్తూ అన్నాడు ఠాణా అమీన్ బాలయ్య. ఆ మాటలో వెటకారం పాలే ఎక్కువ.

లింగస్వామి చెప్పులకు సమాధుల దొడ్డి ఎర్రమట్టి ఇంకా అంటుకునే ఉంది. పట్నం నుంచి వచ్చిన మొదటి బస్సు నకిరేకల్‌లో దిగి నేరుగా అక్కడికే పోయాడు. ఇస్రాయేలు అప్పటికే మట్టిలో ఉన్నాడు. పైన రెండు పుల్లలు అడ్డంగా కట్టిన శిలువ, నాలుగు వాడిన బంతిపూలు. ఖుఫియా, అంటే రహస్య పోలీసు నౌకరీలో ఎన్ని శవాలను తిరగేసి చూశాడో తనకే గుర్తులేదు. ప్రాణస్నేహితుడి మొహం మాత్రం ఆఖరిసారి చూసుకునే అదృష్టం లేకపోయింది. చుట్టుపక్కల ఎవరూ లేరు గనక బోరున ఏడ్చాడు. ఏడ్చి, కండువాతో మొహం తుడుచుకొని, ఠాణాకు వచ్చి ఇస్రాయేలు ఇంటి తాళం తీయమని అడిగాడు.

"ఇది నీ హద్దు గాదు," అన్నాడు బాలయ్య. "గుర్తుంచుకో."

"నా హద్దు గాదనే అడుగుతున్న. హుకుం చేస్తలేను."

"సాయంత్రం బస్సుల ఆమెను నల్లగొండ జైలుకు తోల్తున్న. బస్సు హారను ఇనవడెదాంక నీ ఇష్టం. తర్వాత నా ఇష్టం."

ఆమె అంటే బిక్షమ్మ, ఇస్రాయేలు భార్య. మొగుడికి విషం పెట్టి చంపిందని నేరం మోపారు.

శనివారం పొద్దుగూకే వేళ ఇస్రాయేలు ఈ లోపలి అరుగు మీదే కూర్చుని, తన చేత్తో కలుపుకున్న నిమ్మకాయ సారా తాగాడు. దీపాలు పెట్టేసరికి నోరెండిపోతున్నదన్నాడు. కాసేపటికి దీపం వెలుగు కళ్లలో గుచ్చుకుంటున్నదని కేకలు పెట్టాడు. ఆ తర్వాత గాలిలో లేని దారాలు ఏరడం మొదలుపెట్టాడు. తెల్లవారకముందే పోయాడు. అతను కాంపౌండర్‌గా పనిచేసే దవాఖాన డాక్టరే చూసి, ఇది ఉమ్మెత్త పని అని చెప్పాడు. పెరట్లో పెంటకుప్ప పక్కన ఉమ్మెత్త చెట్టుంది. సారాలోకి ఆకులు కోసిచ్చేది బిక్షమ్మ. తాగుడు మానమని మొగుడితో కొట్లాడేదీ బిక్షమ్మే. ఇక అమీన్‌కు అంతకంటే ఏం కావాలి?

ఠాణా నుంచి వెంట తెచ్చిన బిక్షమ్మ గోడకు ఆనుకుని కూర్చుంది. పక్కన జవాను పోచయ్య నిలబడ్డాడు. ఆమె కళ్లలో నీళ్లు కూడా అయిపోయాయి.

"లింగన్నా, నువ్వన్న నన్ను నమ్ముతవా?"

లింగస్వామి ఆమె ఎదురుగా కిందే కూలబడ్డాడు. "నమ్ముత చెల్లె. నేను నమ్మితే సాలదు, అమీన్ సాబ్ నమ్మాలె. జర గుర్తు తెచ్చుకొని చెప్పు. ఆ పొద్దు ఏమేం కోసినవు?"

"పుదీన. దవనం. గంతే. దవనం ఆయన కుండీల వెట్టి పెంచుకున్నదే. ఉమ్మెత్త చెట్టు తెల్వనిదాన్నా నేను? మేకలు గూడ ముట్టయి దాన్ని."

"కొట్లాడినవా?"

"కొట్లాడిన. శనివారమొస్తే కొట్లాటనే. తెల్లారితే గుడికి పోవాలె, పాటలు పాడాలె, నోరు వాసనొస్తదయ్యా అని మొత్తుకుంట. నవ్వేటోడు. దేవునికి దవనం వాసనంటె ఇష్టమే అనేటోడు."

"ఎవలెవలు తాగిన్రు?"

"ఆయన, జంగయ్య పటేలు. ఎప్పటి లెక్కనే. నీ గ్లాసు గూడ పెట్టిండు."

"నా గ్లాసా?"

"నీకు ఎరుకలేదా? నువ్వు పట్నం పోయిన కాడ్నుంచి గంతే గదా. మూడు పోస్తడు. ఇది లింగన్న పాలు అంటడు. లేసేటప్పుడు దాన్ని కుండీల పారవోస్తడు. ఆ రాత్రి నన్ను గుర్తువట్టలే అన్నా. కన్నపిల్లను పట్టలే. నిన్ను మాత్రం పిలిచిండు. 'లింగా, నీ గ్లాసు నిండింది రా' అన్నడు. గట్లనే నవ్వుకుంట..."

లింగస్వామి లేచి అటు తిరిగి నిలబడ్డాడు. పోలీసువాడు ఏడవకూడదన్న నియమం ఎవరు పెట్టారో గాని, ఆ క్షణాన అతనికి దాని మీద పట్టరాని కోపం వచ్చింది.

ఆ సారాకు వాళ్లు ముగ్గురూ పెట్టుకున్న పేరు దొరసాని నీళ్లు. పడుచుతనంలో ఇస్రాయేలు బొల్లారంలో ఒక తెల్ల డాక్టరు దగ్గర పనికి కుదిరి, అక్కడ దొరలు నిమ్మరసంలో మందు కలుపుకుని, ఏవో ఆకులు నలిపి వేసుకుని తాగడం చూసి వచ్చాడు. ఊరికొచ్చాక దొరల మందుకు బదులు ఇప్పసారా, దొరల ఆకుకు బదులు దవనం. మొదటిసారి చేసిన రోజు లింగస్వామి, జంగయ్య, ఇస్రాయేలు ముగ్గురే. లింగస్వామి, జంగయ్య పక్కపక్క చేన్ల కాపుదనపు పిల్లలు. ఇస్రాయేలు వాళ్లు ఆ చేన్లలో కూలికి వచ్చిన మనుషులు, శిలువ పట్టుకున్నాక చదువుకున్నారు. లింగస్వామి ఇస్రాయేలు గ్లాసులోనే తాగాడు. ఆ సంగతి తెలిసి బాపు చర్నాకోలతో వీపు పగలగొట్టాడు. జంగయ్య మాత్రం, "నాకు నీయంత ధైర్యం లేదురా" అని మరుసటి వారం నుంచి తన చెంబు తాను తెచ్చుకున్నాడు. మందుకు మైల లేదు, గిన్నెకే మైల. ఇస్రాయేలు ఏమీ అనుకోలేదు, అనుకున్నా చెప్పలేదు. చెంబుకు తన చేయి తగలకుండా పైనుంచి ధార కట్టి పోసేవాడు. ఇరవై ఏండ్ల స్నేహం ఆ జానెడు ఎత్తు నుంచే సాగింది.

లింగస్వామి అరుగు మూలకు పోయి వంగాడు. ఇస్రాయేలు ఆకులు నలిపిన రాతిపలక మీద ఎండిన తుక్కు ఇంకా ఉంది. అందులో ప్రతి రెమ్మనూ విడదీసి, వాసన చూసి, కండువా మీద పరిచాడు.

"ఇది పుదీన. ఇది దవనం. ఇదీ దవనమే. అమీన్ సాబ్, ఉమ్మెత్తాకు అరచెయ్యంత ఉంటది. దాని తునక ఒక్కటన్న చూపియ్యి నాకు."

"కడిగేసి ఉంటది."

"ఉమ్మెత్త ఒక్కటి ఏరి కడిగి, పుదీన వదిలిపెట్టిందా?"

బాలయ్య మొహం ఎర్రబడింది. "లింగస్వామీ, పట్నంల నీకు బిళ్ల ఇచ్చిన్రని నాకు పాఠం చెప్పకు. పటేలు జంగయ్య వాంగ్మూలమున్నది. ఇద్దరూ ఒక్క కలుపుడుల నుంచే తాగిన్రు. ఒకడు సచ్చిండు, ఒకడు బతికిండు. అంటే ఇషం సారాల లేదు. ఇస్రాయేలు గ్లాసులనే ఉన్నది. ఆ గ్లాసు తెచ్చిచ్చింది ఎవలు? ఆమె."

"నేనే తెచ్చిన," అంది బిక్షమ్మ నీరసంగా. "ఎప్పుడు గూడ నేనే తెస్త."

"ఇన్నవా?"

లింగస్వామి విన్నాడు. లెక్క సరిగ్గానే ఉంది. జంగయ్య తాగి ఉంటే బిక్షమ్మ చావు ఖాయం. జంగయ్య తాగి ఉండకపోతే... ఆ రెండో మాట అతనికి ఆలోచించడానికే మనసు రాలేదు.

సరిగ్గా అప్పుడే గుమ్మంలో దగ్గు వినిపించింది. జంగయ్య! తలపాగా, మోచేతి మీద తెల్లని తువ్వాలు. లింగస్వామిని చూడగానే మొహం ముడుచుకుపోయి, "లింగా" అని వచ్చి మెడ మీద పడి గొల్లుమన్నాడు. ఏడుపులో దొంగ ఏడుపు ఉంటుంది. లింగస్వామి చాలా విన్నాడు. ఇది మాత్రం దొంగది కాదు.

"ఏం పని మీద వచ్చినవు జంగా?"

"తాళం తీసిన్రని ఎరుకైంది. గా పొద్దు ఉరుకులాటల నా చెంబు ఈడనే మర్చిపోయిన. తీస్కపోదామని."

చెంబు అరుగు గోడ గూట్లో ఉంది. శనివారం నాడు పెట్టిన చోటే. ఇల్లూడ్చే బిక్షమ్మ దాన్ని ముట్టుకోదు, ముట్టుకుంటే పటేలుకు పనికిరాదు. అమీన్ పట్టించుకోలేదు, తాగినోడు బతికే ఉన్నాడు గదా. లింగస్వామి గూట్లోంచి తీసి వెలుతురుకు తిప్పి, లోపలికి చూశాడు.

ఇది ఇత్తడి చెంబు. లోపల కళాయి లేదు. తెలంగాణలో ఏ ఇంట్లోనైనా సరే, చింతపండు పులుసు గాని, మజ్జిగ గాని, నిమ్మరసం గాని కళాయి లేని ఇత్తడిలో పోయరు. పోస్తే చిలుమెక్కుతుంది, కడుపులో తిప్పుతుంది. ముసలవ్వ నుంచి కొత్తకోడలి దాకా అందరికీ తెలిసిన సంగతే. జంగయ్య శనివారాలకు తెచ్చే చెంబు వేరే. దాని లోపల వెండిలా తెల్లని కళాయి ఉండేది, మూతి దగ్గర చిన్న సొట్ట కూడా. ఇది చేనుకు నీళ్లు తీసుకుపోయే చెంబు.

అంతేకాదు. చెంబు లోపల మెడ దాకా ఇత్తడి కొత్తగా తోమినట్టు మెరుస్తోంది. మెడ పైన మాత్రం పాత నలుపే. మధ్యలో ఒకే ఒక్క గీత, కత్తితో గీసినట్టు. నిమ్మరసం మెడ దాకా నిండి, కదలకుండా నిలబడిన చెంబు ఇది. గుక్క గుక్కకూ తాగితే గీత మెట్లు మెట్లుగా దిగి ఉండాలి. దీన్ని ఒకేసారి వంచి పారబోశారు.

"ఆ పొద్దు ఎంత తాగినవు జంగా?" లింగస్వామి గొంతు చాలా మామూలుగా ఉంది.

"రెండుసార్లు పోయించుకున్న. ఎప్పటి లెక్కనే."

"మెల్లగనే తాగినవా?"

"ముచ్చట వెట్టుకుంట తాగినం. గదేందిరా, నన్ను గూడ నేరస్తుని లెక్క అడుగుతున్నవ్?"

"అలవాటు వడ్డది. మాఫ్ జెయ్యి." చెంబును తిరిగి గూట్లో పెట్టాడు. "నీ పాత చెంబు, సొట్ట వడ్డది, ఏమైంది?"

"ఇంట్లనే ఉన్నది. చేతికి ఏది అందితే అది తెచ్చిన."

చేతికి ఏది అందితే అది! ఇరవై ఏండ్లు మరిచిపోనివాడు ఆ ఒక్క శనివారం ఎందుకు మరిచిపోయాడు? దేనిలో తాగాలా అని చూసుకోవాల్సింది తాగేవాడు. తాగననుకున్నవాడికి ఏ చెంబైతేనేం?

దేవుడా, నా లెక్క తప్పు కానీ, అని మొక్కుకున్నాడు లింగస్వామి. నౌకరీలో చేరాక అట్లా మొక్కుకోవడం అదే మొదలు.

ఏమీ అనకుండా లోపలి గదిలోకి పోయాడు. మూలన ఇసుకలో సగం దాకా పూడ్చిన జాడీ. పైన గుడ్డ కట్టి ఉంది. ఇస్రాయేలు నెల రోజుల ముందే అందులో ఇప్పసారా పోసి, నారింజ తొక్కలు, దవనం రెమ్మలు వేసి ఊరబెట్టుకునేవాడు. శనివారం నాడు అందులోంచి ముంచి, నిమ్మరసంలో కలిపేవాడు. లింగస్వామి గుడ్డ విప్పి, కండువా అంచు వడకట్టుగా పట్టి, అడుగుదాకా వంచాడు.

నారింజ తొక్కలు పడ్డాయి. వాటి కింద చిన్న చిన్న చదును గింజలు పడ్డాయి. కొన్ని దంచినవి, కొన్ని దంచనివి. మిరపగింజల్లా ఉన్నాయి గాని మిరపగింజలు కావు, ఉమ్మెత్తవి. ఇస్రాయేలు జాడీలో గింజన్నది పడనిచ్చేవాడు కాదు. ఒక్క నిమ్మగింజ పడ్డా చేదెక్కుతుందని వేళ్ల సందున పట్టుకుని పిండేవాడు.

విషం గ్లాసులో లేదు. ఆకుల్లో లేదు. జాడీలో ఉంది.

అయితే ఈ గింజలు పట్టుకుపోయి చూపిస్తే బాలయ్య ఏమంటాడు? అవి కూడా బిక్షమ్మే వేసిందంటాడు. చెంబులో గీత చూపిస్తే? పటేలు మాట ముందర చెంబు సాక్ష్యం ఎవడు నమ్ముతాడని పకపకా నవ్వుతాడు. బస్సు వచ్చే వేళ కావస్తోంది.

లింగస్వామి పెరటి తలుపు తీసి, పక్కింటి నాగులమ్మను కేకేసి, గోడ మీదుగా ఆమె చెవిలో ఏదో చెప్పాడు. ఆమె నోటికి కొంగు అడ్డం పెట్టుకుని వింది, గబగబా పోయి వచ్చి పెరటి గుమ్మంలో నిలబడింది. అతను మళ్లీ అరుగు మీదికి వచ్చేసరికి చేతులు తడిగా ఉన్నాయి, చంకలో జాడీ ఉంది.

"అమీన్ సాబ్, ఒక్క మాట. ఇస్రాయేలు ఎట్ల కలిపిండో నేను గట్లనే కలుపుత. మీ ముందర్నే. నీ లెక్క నిజమైతే నేను నోరు మూసుకొని పట్నం పోత."

"సారా వండుకునే తీరిక మాకు లేదు."

"వండుడు గాదు, కలుపుడు. ఇషం ఆకులనే ఉన్నదంటివి. ఆకులు నేనే కోసుకొస్త. ఇంక నీకు భయమెందుకు?"

"నాకేం భయం?" అని బాలయ్య గడప మీద కూర్చున్నాడు. "కానియ్యి. నీ తమాషా గూడ చూస్త."

లింగస్వామి కూర్చున్నాడు. ఇస్రాయేలు కూర్చునే చోటే. నాలుగు నిమ్మకాయలు తీసుకుని రాతిపలక మీద అరచేత్తో ఒత్తి దొర్లించాడు. తొందరపడొద్దురా, కాయ మెత్తబడాలె, అప్పుడే మొత్తం ఇస్తది, అనేవాడు ఇస్రాయేలు. కోసి, వేళ్ల సందున గింజలు ఆపి, రసం పిండాడు. అందులో ముందు తేనె వేసి కలిపాడు. సారా పడ్డాక తేనె కరగదు, అడుగున కూర్చుంటుంది. చిటికెడు ఉప్పు. తర్వాత కుండీలోంచి కోసుకొచ్చిన దవనం రెమ్మలను రెండు అరచేతుల మధ్య పెట్టి మెల్లగా నలిపాడు. నూరితే చేదు, నలిపితే వాసన. అదీ ఇస్రాయేలు మాటే.

వాసన గుప్పున లేచింది. ఇస్రాయేలు బతికి వచ్చి పక్కన కూర్చున్నట్టయింది. బిక్షమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. పోచయ్య కూడా అటు తిరిగాడు.

లింగస్వామి జాడీ ముందుకు లాక్కుని కొబ్బరిచిప్ప గరిటె ముంచాడు.

"గా జాడీది ఎందుకురా?" అన్నాడు జంగయ్య. "సచ్చినోని సారా. మంచిది గాదు. వేరేది తెప్పిద్దాం."

"ఆ పొద్దు దీంట్లదేగా తాగిన్రు. నీకేమన్న అయ్యిందా?"

"అయితే... కాలే గని..."

"పటేలా, ఇషం జాడీల లేదు," అన్నాడు బాలయ్య విసుగ్గా. "గ్లాసుల ఉండె. ఎన్నిసార్లు చెప్పాలె?"

లింగస్వామి కలిపాడు. ఒక పాత్రలోంచి ఇంకో పాత్రలోకి ఎత్తి పోసి, మళ్లీ ఇటు పోసి, నురగ వచ్చేదాకా. కూజాలోంచి చల్లని నీళ్లు చేర్చాడు. గూట్లోంచి చెంబును దింపి, తన చేయి తగలకుండా జానెడు ఎత్తు నుంచి ధార కట్టి నింపాడు. తర్వాత ఇస్రాయేలు గ్లాసు నింపాడు. అదే గ్లాసు. అంచున సన్నని పగులు ఉన్నది.

"తాగు జంగా. ఇస్రాయేలు పేరు మీద."

"నాకు సయిస్తలేదు. కడుపుల బాగలేదు."

"సరే. నువ్వు తాగకు. నేను తాగుత." గ్లాసు చేతిలోకి తీసుకున్నాడు. "వాడు ప్రతి శనివారం నాకు గ్లాసు పోసిండంట, ఎరుకేనా నీకు? ఇన్నేండ్ల నుంచి. నువ్వు పక్కనే ఉంటివి, ఎన్నడూ చెప్పకపోతివి. నా గ్లాసు నిండిందని చెప్పి సచ్చిండు. గది నేను తాగకుండ ఎట్ల పోత చెప్పు?"

జంగయ్య నుదుటి మీద చెమట కారి కనుబొమల దగ్గర ఆగింది. లింగస్వామి అతని కళ్లలోకే చూస్తున్నాడు. ఆ కళ్లలో రెండు ప్రాణాలు కొట్టుకుంటున్నాయి, ఒకటి తనది, ఒకటి లింగస్వామిది. ఊరికే కూర్చుంటే చాలు. లింగస్వామి చస్తాడు, ఆ చావూ బిక్షమ్మ నెత్తినే పడుతుంది, పటేలును అడిగేవాడే ఉండడు.

లింగస్వామి గ్లాసు ఎత్తాడు. అంచు పెదవికి తగిలింది.

"తాగకురా లింగా!"

కేకతో పాటే చెయ్యి వచ్చి పడింది. గ్లాసు ఎగిరి రాతిపలక మీద భళ్లున పగిలింది. జంగయ్య అరచేయి తెగి రక్తం చివ్వున చిమ్మింది. అతను రెండు చేతులతో లింగస్వామి మొహం పట్టుకుని, పెదాలు తువ్వాలుతో రుద్దుతూ, "మింగినవా? చుక్కన్న మింగినవారా? ఉమ్మెయ్! ఉమ్మెయ్ రా నా కొడుకా!" అని కేకలు పెట్టాడు.

లింగస్వామి ఆ చేతులను మెల్లగా మొహం మీద నుంచి తీశాడు.

"మింగలే. మింగినా ఏం కాదు. గది నాగులమ్మ తెచ్చిన కొత్త సారా. పాతది సీసల పోసి పెట్టిన, గింజలతో సహా." జాడీని చేత్తో తట్టాడు. "ఇషం ఆకుల ఉన్నదని అమీన్ సాబ్ అన్నడు. గ్లాసుల ఉన్నదని అన్నడు. ఊరంత గదే నమ్మింది. జాడీల ఉన్నదని నీకెట్ల ఎరుక జంగా?"

జంగయ్య నిలబడ్డచోటే కూలిపోయాడు.

"నువ్వు చెయ్యెత్తకుంటే నేను ఓడిపోతుంటి," అన్నాడు లింగస్వామి. "ఎందుకెత్తినవురా?"

"నిన్ను గూడ సంపుకోనా?" జంగయ్య తలను గోడకేసి కొట్టుకున్నాడు. "సస్తడనుకోలే లింగా. నీ మీద ఒట్టు. పిచ్చి లేస్తది, పిచ్చోని సాక్షం కోర్టుల చెల్లదు అన్నడు మన ఊరి గడీ దొర. గింజలు గూడ దొరనే ఇచ్చిండు. గుప్పెడు అన్నడు. ఎంత వెయ్యాల్నో నాకేమెరుక? నిమ్మకాయలు తేను ఇస్రాయేలు పెరట్లకు పోయిన యాళ్లకు జాడీల వేసిన."

"ఏం సాక్షం?"

"బక్కయ్య చావు మీద. వెట్టికి రానన్నడని గడీల కొట్టిన్రు. కట్టేసింది నేనే. దొర కట్టేయమంటే ఊరి పటేలునై ఉండి కట్టేయనా? వాడు సచ్చిండు. చెట్టు మీదికెల్లి పడ్డడని రాయమన్నరు. గాయాలు కట్టింది ఇస్రాయేలు. వాడు రాయనన్నడు. వచ్చే వాయిదాకు నల్లగొండ పోయి ఉన్నది ఉన్నట్టు చెప్తనన్నడు. వాడు చెప్తే కొట్టిందంత నేనేనని దొర నా మీదికి నూకుతడు. ఉరి నాకు పడ్తది."

"గందుకని నా చెల్లెను ఉరికంబమెక్కిస్తివా?"

బాలయ్య గడప మీంచి లేచాడు. అతని మొహంలో ఇప్పుడు వెటకారం లేదు, రంగు కూడా లేదు. "పోచయ్యా, వీధి తలుపెయ్యి," అన్నాడు. తర్వాత గొంతు తగ్గించి, "లింగస్వామీ, పటేలు చేసింది ఒప్పుకున్నడు. సరే. దొర పేరు మాత్రం నేను ఇనలే. నువ్వూ ఇనలే."

"పోచయ్య ఇన్నడు. నాగులమ్మ ఇన్నది. బిక్షమ్మ ఇన్నది. ముగ్గురి చెవులు కోస్తవా అమీన్ సాబ్?"

"నాకు పెండ్లాం పిల్లలున్నరయ్యా!"

"ఇస్రాయేలుకు గూడ ఉండిరి."

పోచయ్య తలుపు వేయలేదు. చేతులు కట్టుకుని అక్కడే నిలబడి, నేల చూపులు చూస్తున్నాడు. బాలయ్య అతనివైపు, లింగస్వామివైపు మార్చి మార్చి చూసి, చివరికి బిక్షమ్మ దగ్గరికి పోయి, "నువ్వు లే అమ్మా" అన్నాడు. ఆమె లేవలేదు. ఆ మాట ఆమెకు వినపడినట్టే లేదు.

లింగస్వామి కండువా తడవని కొస చించి జంగయ్య అరచేతికి కట్టు కట్టాడు. ఈ చేత్తోనే చిన్నప్పుడు తనను బావిలోంచి పైకి లాగాడు. ఈ చేత్తోనే గింజలు వేశాడు. కట్టు బిగిస్తుంటే రెండూ గుర్తొచ్చి కన్నీళ్లు జలజలా రాలాయి, తుడుచుకోలేదు.

"నిన్ను నేనే తీస్కపోత నల్లగొండకు. గిదే బస్సుల. దొర పేరు ఆడ చెప్పాలె నువ్వు."

జంగయ్య నవ్వాడో ఏడ్చాడో తెలియలేదు. "ఆడిదాంక పోనిస్తరా? నువ్వు వస్తవని దొరకు పొద్దుగాలనే ఎరుక. నల్లగొండ తొవ్వల గుట్టల కాడ మనుషులను వెట్టిండు. గది నీకోసం వెట్టిన్రురా. ఇప్పుడు ఇద్దరికి సరిపోతది."

దూరంగా బస్సు హారను వినిపించింది.

లింగస్వామి లేచి నడుముకున్న పిస్తోలు తడిమి చూసుకున్నాడు. జంగయ్య కూడా లేచాడు. అతని చూపు నేల మీది గాజుముక్కల మీద పడింది. ఇరవై ఏండ్లలో ఇస్రాయేలు గ్లాసుకు అతని చెయ్యి తగలడం అదే మొదటిసారి. తగిలిన రక్తం ఇంకా ముక్కల మీదే ఉంది.

అప్పుడు లేచింది బిక్షమ్మ. మెల్లగా అరుగు మీదికి పోయింది. ఇల్లు ఊడ్చినప్పుడల్లా చీపురు కూడా తగలకుండా తప్పుకుని పోయిన ఆ చెంబును రెండు చేతులా ఎత్తుకుంది. లోపల ఉన్నదంతా ఇస్రాయేలు దవనం కుండీలో పోసింది, తన మొగుడు లింగన్న పాలు పోసినట్టే. ఖాళీ చెంబు తెచ్చి జంగయ్య ముందు పట్టుకుంది.

"నీ చెంబు తీస్కపో పటేలా. నా ఇంట్ల ఉండొద్దు."

జంగయ్య ఆమె చేతులవైపు చూశాడు. అవి చెంబును నిండుగా పట్టుకుని ఉన్నాయి. అతను కట్టు కట్టిన చెయ్యి చాపి, ఆమె చేతిలోంచి చెంబు అందుకున్నాడు.